ధృతరాష్ట్ర కౌగిలి

తెలుగు కథల్లో సవతి తల్లులకు కొదవ లేదు. కైక వుంది, ధ్రువుణ్ణి తండ్రి తొడ ఎక్కనివ్వని సురుచి వుంది, సారంగధరుడి కాళ్ళూ చేతులూ నరికించిన చిత్రాంగి వుంది. సవతి తండ్రి ఏడీ? ఎంత వెదికినా దొరకడు. ఆ మాటకే మనకు నోరు తిరగదు. కారణం తెలియనిది కాదు. మగవాడు మళ్ళీ పెళ్ళాడితే ఇంట్లోకి సవతి తల్లి వచ్చింది. ఆడది మళ్ళీ పెళ్ళాడితే గదా సవతి తండ్రి రావడం! మారుమనువు ఆచారం వున్న కులాల్లో అతడు వుండనే వున్నాడు గాని, కావ్యాలు రాసినవారి ఇళ్ళ గడప తొక్కలేదు. వీరేశలింగం పంతులుగారు రాజమండ్రిలో మొదటి వితంతు వివాహం జరిపించినది 1881 డిసెంబరు 11వ తేదీన. సాహిత్యం లెక్కలో అది నిన్న మొన్నటి మాట.

అందుచేత ఈ వారం చెప్పబోయే కథ మనది కాదు, అమెరికా వాళ్ళది. చిత్రం పేరే "ది స్టెప్‌ఫాదర్", అంటే అచ్చంగా సవతి తండ్రి. 1987 జనవరిలో విడుదలయింది. దర్శకుడు జోసెఫ్ రూబెన్. చిత్రకథ రాసినవాడు డొనాల్డ్ వెస్ట్‌లేక్ అని, నేరాల నవలల్లో చెయ్యి తిరిగిన రచయిత. సవతి తండ్రి వేషం వేసినవాడు టెరీ ఓక్విన్. భయానక చిత్రాలంటే నాకు మొదటినుంచీ పెద్ద గౌరవం లేదు. పాడుపడ్డ బంగళాలూ, సమాధుల్లోంచి లేచే చేతులూ చూస్తే ఆవులింతలు వస్తాయే గాని భయం వెయ్యదు. ఈ చిత్రంలో బంగళా లేదు, సమాధి లేదు. ఒక మంచి సంసారి వున్నాడు. పెళ్ళిచూపులకు వస్తే మన పెద్దవాళ్ళు మారుమాట లేకుండా తాంబూలాలు పుచ్చుకునేటటువంటివాడు.

కథంతా ముందే చెప్పేస్తున్నానని ఎవరూ నొచ్చుకోనక్కరలేదు. హంతకుడెవరో చిత్రం మొదటి నిమిషాల్లోనే చెప్పేస్తుంది. తెర లేచేసరికి ఒక గడ్డపు మనిషి స్నానాల గదిలో అద్దం ముందు నిలబడి వున్నాడు. ఒంటినిండా నెత్తురు. నెమ్మదిగా కడుక్కుంటాడు. గడ్డం గీసుకుంటాడు, జుట్టు కత్తిరించుకుంటాడు, కళ్ళజోడు తీసేసి కంట్లో అద్దాలు పెట్టుకుంటాడు. చక్కని దుస్తులు వేసుకుని, పెట్టె పుచ్చుకుని మేడ దిగుతాడు. దారిలో పిల్లల ఆటవస్తువొకటి అడ్డంగా పడివుంటే తీసి దాని చోట దాన్ని పెడతాడు. కింద హాలులో అతని భార్యాపిల్లలు చచ్చి పడివున్నారు. వాళ్ళను దాటుకుంటూ తలుపు తీసుకుని వీధిలోకి వచ్చి, ఈల వేసుకుంటూ వెళ్ళిపోతాడు. నాకు శవాలకన్న ఆ ఆటవస్తువే ఎక్కువ భయం కలిగించింది. పిల్లలు పోయినా ఫరవాలేదు గాని, ఇల్లు మాత్రం సర్ది వుండాలి!

ఏడాది గడిచింది. వేరే వూరు, వేరే పేరు. ఇప్పుడతను జెర్రీ బ్లేక్. ఇళ్ళు అమ్మిపెట్టే కంపెనీలో ఉద్యోగం. సూసన్ అనే విధవరాలిని పెళ్ళాడాడు. ఆమెకు 16 సంవత్సరాల కూతురు, పేరు స్టెఫనీ. జెర్రీ ఎంత మంచివాడో చెప్పనలవి కాదు. పిల్లకు కుక్కపిల్లను తెచ్చి బహూకరిస్తాడు. ఇరుగుపొరుగును పిలిచి విందు చేస్తాడు. నేలమాళిగలో పనిముట్లు పెట్టుకుని తీరికవేళల్లో పిట్టలకోసం కొయ్యగూడు చేస్తాడు. అది అచ్చంగా మనుషులు వుండే ఇల్లే, చిన్నది. దాన్ని పెరట్లో స్తంభంమీద నిలబెడతాడు. స్టెఫనీ వేరే వూళ్ళో వసతి గృహంలో వుండి చదువుకుంటానంటే ససేమిరా అంటాడు. కుటుంబమంటే అందరూ ఒకచోట వుండాలట.

ఇందులో తప్పు పట్టవలసిన మాట ఒక్కటి చూపించండి. నేను చూపించలేను. మనం పెళ్ళికొడుకులో ఏమేమి వుండాలని కోరుకుంటామో అవన్నీ అతనిలో వున్నాయి: తాగడు, తిరగడు, సాయంత్రం కాగానే ఇంటికి వస్తాడు, పిల్లల చదువు పట్టించుకుంటాడు. రచయిత గడుసుతనం ఇక్కడే వుంది. రాక్షసుణ్ణి దుర్గుణాలతో తయారుచెయ్యడం ఏ రచయితకైనా చాతనవుతుంది. వెస్ట్‌లేక్ సద్గుణాలతో తయారుచేశాడు.

స్టెఫనీకి మాత్రం అతని దగ్గర కూచోబుద్ధి కాదు. ఎందుకంటే చెప్పలేదు. ఆమె చెప్పగలిగిందల్లా, ఆయన్ను చూస్తే నాకు భయంగా వుంటుంది అని. తల్లి నమ్మదు. నమ్మకపోవడానికి తల్లి చెడ్డదా అంటే కాదు. భర్త పోయిన తరువాత ఒంటరిగా వున్న మనిషికి మళ్ళీ ఒక ఆసరా దొరికింది. కూతురు అసూయకొద్దీ, చనిపోయిన తండ్రిమీద బెంగకొద్దీ అలా అంటున్నదనుకుంటుంది. మనమైనా అదే అనుకుంటాము. మన ఇళ్ళలో పదేళ్ళ పిల్ల, నేను ఆ మామయ్య వాళ్ళింటికి రానమ్మా అంటే, తప్పు, పెద్దవాళ్ళను అలా అనకూడదు అని కసురుకునేది ఎవరు? ఆ పిల్లనూ ప్రేమించేవాళ్ళే గదా!

ఇంట్లో విందు జరుగుతున్న రోజున, పత్రికలో పడిన వార్త ఒకటి మాటల్లోకి వస్తుంది. ఏడాది కిందట ఒకడు తన సంసారాన్నంతా చంపి మాయమయ్యాడు, ఇప్పటికీ దొరకలేదు. జెర్రీ నవ్వుతూ పక్కకు తప్పుకుని నేలమాళిగలోకి దిగుతాడు. అక్కడ ఎవరూ లేరనుకుని తనలో తాను తిట్టుకుంటూ, అరుస్తూ, చేతికి దొరికినవి విసిరేస్తూ వీరంగం వేస్తాడు. మూలనుంచి స్టెఫనీ చూస్తుంది. ఆమె వున్నదని గమనించగానే అతని మొహంమీదికి ఆ పాత చిరునవ్వు ఎలా తిరిగి వస్తుందో మాటల్లో చెప్పడం కష్టం. ఓక్విన్ నటనంతా ఆ క్షణంలో వుంది.

పిల్ల తెలివైనది. ఆ హంతకుడి ఫోటో పంపించమని పత్రికవాళ్ళకు ఉత్తరం రాస్తుంది. వచ్చిన కవరు ముందుగా జెర్రీ చేతిలో పడుతుంది. అతను లోపలి ఫోటో తీసేసి, ఎవరిదో వేరే మొహం పెట్టి, కవరు మళ్ళీ అంటించి పెడతాడు. ఆమెకు వైద్యం చేస్తున్న మానసిక వైద్యుడొకాయన ఈ జెర్రీని చూసి రావాలని, పేరు మార్చుకుని ఇల్లు కొనేవాడిలా వెళతాడు. అక్కడ మాటలో దొరికిపోతాడు. జెర్రీ చెక్కతో కొట్టి చంపి, కారు ప్రమాదంలో పోయినట్టు ఏర్పాటు చేస్తాడు. తరువాత ఇంటికి వచ్చి ఆ దుర్వార్త స్టెఫనీకి తనే మెల్లిగా చెబుతాడు. ఇక్కడ కథ ఒక వింత మలుపు తిరుగుతుంది. ఏడుస్తున్న పిల్ల మొదటిసారి అతనికి దగ్గరవుతుంది! కొద్దిరోజులపాటు ఆ ఇల్లు నిజంగానే అతను కలగన్న ఇల్లయిపోతుంది.

అంతా పాడయ్యేది ఒక ముద్దువల్ల. స్టెఫనీని ఇంటి గుమ్మందాకా దిగబెట్టిన స్నేహితుడు ఆమెను ముద్దు పెట్టుకుంటాడు. జెర్రీ చూస్తాడు, కుర్రవాడు బలాత్కారం చేశాడని మీద పడతాడు. పిల్ల ఎదురు తిరుగుతుంది, తల్లి కూడా భర్తను తప్పు పడుతుంది. అంతే, ఆ కుటుంబం అతని మనసులోనుంచి చెరిగిపోయింది. మర్నాటినుంచి ఇంకొక వూళ్ళో, ఇంకొక పేరుతో అద్దె ఇల్లు చూసుకోవడం, ఇంకొక విధవరాలితో పరిచయం పెంచుకోవడం మొదలుపెడతాడు. ఇంకా ఈ సంసారం ముగించలేదు, అప్పుడే ఆ సంసారానికి కొబ్బరికాయ కొట్టాడు.

చిత్రం మొత్తానికీ నాకు గుర్తుండిపోయిన ఘట్టం వంటింట్లో జరుగుతుంది. సూసన్ అతని కంపెనీకి టెలిఫోను చేస్తే, ఆయన ఉద్యోగం మానేసి చాలా రోజులయిందని చెబుతారు. భర్త ఇంటికి రాగానే అడుగుతుంది. పొరపాటు పడివుంటారులే అంటూ అతను టెలిఫోను అందుకుంటాడు. మాట్లాడుతూ మాట్లాడుతూ తన పేరు చెప్పవలసి వచ్చినచోట, వేరే వూళ్ళో పెట్టుకున్న పేరు చెప్పేస్తాడు. ఆగుతాడు. ఇక్కడ నేనెవరినని భార్యనే అడుగుతాడు. వెటకారం కాదు, నిజంగానే ఒక్క క్షణం తెలియలేదు. పాపం, ఆమె నమ్మలేని గొంతుతో అతని పేరు అతనికి చెబుతుంది. చెప్పినందుకు థాంక్స్ అన్నట్టు చూసి, టెలిఫోనుతోనే మొహంమీద కొడతాడు.

ఈ రకం కథ అమెరికాలో మొదటిదేమీ కాదు. 1943లో హిచ్‌కాక్ తీసిన "షాడో ఆఫ్ ఎ డౌట్" చిత్రంలో అక్కగారింటికి వచ్చిన మేనమామ ఇలాంటివాడే. డబ్బున్న విధవరాళ్ళను చంపి వచ్చి, చిన్న వూళ్ళో మేనకోడలికి వుంగరం బహుమతి ఇస్తాడు. ఆ వుంగరంలోపల చెక్కివున్న వేరేవాళ్ళ పొడి అక్షరాలే అతని గుట్టు బయటపెడతాయి. అక్కడ కూడా కనిపెట్టినది ఆడపిల్లే. తమ్ముడంటే ప్రాణం పెట్టే తల్లి గుండె పగులుతుందని ఆ పిల్ల చివరిదాకా నోరు మెదపదు. హిచ్‌కాక్ మేనమామకు కుటుంబమంటే లోలోపల అసహ్యం. మన జెర్రీకి భక్తి. రెంటిలో ఏది ప్రమాదకరమంటే, నా మటుకు నేను భక్తే అంటాను.

వెస్ట్‌లేక్ బృందానికి ఈ ఆలోచన గాలిలోనుంచి రాలేదు. న్యూజెర్సీ రాష్ట్రంలో వెస్ట్‌ఫీల్డ్ అనే వూళ్ళో జాన్ లిస్ట్ అనే అకౌంటెంటు వుండేవాడు. దైవభక్తుడు, చర్చిలో పిల్లలకు ఆదివారపు పాఠాలు చెప్పేవాడు. 19 గదుల ఇల్లు. బ్యాంకులో పెద్ద ఉద్యోగం వుండి, పోయింది. పోయిన సంగతి ఇంట్లో చెప్పలేదు. రోజూ వేళకు దుస్తులు వేసుకుని బయలుదేరి, రైలు స్టేషనులో కూర్చుని పత్రిక చదువుకుని, సాయంత్రానికి ఇల్లు చేరేవాడు. ఖర్చులకు తల్లి ఖాతాలోనుంచి తీసేవాడు. 1971 నవంబరు 9వ తేదీన తల్లినీ, భార్యనూ, ముగ్గురు పిల్లలనూ తుపాకితో కాల్చి చంపాడు. పెద్దకొడుకు బంతి ఆట వుంటే ముందు వెళ్ళి ఆట చూసి, వాణ్ణి ఇంటికి తీసుకొచ్చి మరీ చంపాడు. పాలూ, పత్రికా, ఉత్తరాలూ ఆపించాడు. కొన్నాళ్ళు వూళ్ళో వుండమని బళ్ళకు తెలియజేశాడు. ఇంట్లో దీపాలు వెలుగుతూ వుంచి, సంగీతం వినిపిస్తూ వుంచి వెళ్ళిపోయాడు. శవాలు బయటపడేసరికి డిసెంబరు 7వ తేదీ వచ్చింది.

తమ మతగురువుకు ఉత్తరం రాసిపెట్టాడు. ఇంటి పరిస్థితి చూస్తే తన వాళ్ళు దైవమార్గం తప్పిపోయేలా వున్నారనీ, ఇప్పుడే పోతే వాళ్ళ ఆత్మలు స్వర్గం చేరుతాయనీ దాని సారాంశం. ఇంట్లోని ఫోటోలలో తన మొహం వున్నంతమేరా కత్తిరించి తీసుకుపోయాడు. పోలీసులకు గుర్తు దొరకకూడదని చేసిన పని అది. కాని ఆ పటాలను తలుచుకుంటే నాకు మరొకటి తోస్తుంది. భార్యాపిల్లలు పటంలో మిగిలారు, యజమాని వున్నచోట కన్నం మిగిలింది. ఆ కన్నంలో ఏ మొహమైనా సరిపోతుంది, వేరే పటంలో ఆ మొహం చుట్టూ ఏ సంసారమైనా సరిపోతుంది. చిత్రంలో జెర్రీ చేసిన పని ఇదే గదా! అతను ప్రేమించినది కుటుంబాన్ని. అందులోని మనుషుల్ని కాదు. మనుషులు పటంలో కుదిరినన్నాళ్ళు కూచోవలసిందే, కదిలితే పటం మార్చేస్తాడు.

చిత్రం విడుదలయ్యేనాటికి జాన్ లిస్ట్ దొరకలేదన్న సంగతి చాలామందికి తెలియదు. అతను కొలరాడోలో డెన్వరు చేరి, రాబర్ట్ క్లార్క్ అని పేరు పెట్టుకుని, ముందు వంటవాడుగా, తరువాత మళ్ళీ అకౌంటెంటుగా పనిచేశాడు. మళ్ళీ చర్చిలో చేరాడు. 1985లో మళ్ళీ పెళ్ళి కూడా చేసుకున్నాడు! కథకులు వూహించి రాసినది నిజంగా జరుగుతూనే వుంది. 1989 మే నెలలో అమెరికా టెలివిజనులో అతని కథ చూపించారు. ఫ్రాంక్ బెండర్ అనే శిల్పి, 18 సంవత్సరాల తరువాత ఆ మొహం ఎలా వుంటుందో వూహించి మట్టితో బొమ్మ చేశాడు. పాత పొరుగువాళ్ళు గుర్తుపట్టారు. జూన్ 1వ తేదీన వర్జీనియాలో పట్టుకున్నారు. 1990లో ఐదు యావజ్జీవ శిక్షలు పడ్డాయి. 2008లో చెరలోనే పోయాడు.

అమెరికాలో కుటుంబాలు లేవు, అందుకే ఇలాంటి పిచ్చివాళ్ళు పుడతారు అని తేల్చేసేవారు మనలో వుంటారు. వారికి మన నుడికారమే జవాబు చెబుతుంది. ధృతరాష్ట్ర కౌగిలి అనే మాట మనం రోజూ వాడతాము. ముఖ్యంగా రెండు రాజకీయ పక్షాలు కలిసినప్పుడు పత్రికలవాళ్ళకు ఈ మాట తప్ప ఇంకొకటి దొరకదు. కాని ఆ ఘట్టం స్త్రీపర్వంలో చూడండి. యుద్ధం అయిపోయింది. నూరుగురు కొడుకులు పోయిన ముసలివాడు, వాళ్ళను చంపిన భీముణ్ణి రమ్మని చేతులు చాస్తాడు. కృష్ణుడు ముందే కనిపెట్టి భీముణ్ణి తప్పించి ఇనుప విగ్రహాన్ని ముందుకు తోస్తాడు. ఆ విగ్రహం ఎవరు చేయించినదో తెలుసా? దుర్యోధనుడే, భీముణ్ణి కొట్టడం అభ్యాసం చేసుకోవడానికి. ధృతరాష్ట్రుడు దాన్ని పట్టి పిండి ముక్కలు చేస్తాడు, తన గుండె నలిగి నెత్తురు కక్కుతాడు. మరుక్షణమే, అయ్యో భీమా అని ఏడుస్తాడు. ఆ ఏడుపు నటన అని పాఠం చెప్పేవాళ్ళున్నారు. నాకలా తోచదు. నలిపిన చేతులూ అతనివే, ఏడ్చిన కళ్ళూ అతనివే. విదురుడు చెప్పినదంతా నిజమేనని ఒప్పుకుంటూ, కొడుకు అడిగినదల్లా చేసిన మనిషి. నా పిల్లలు, నా పిల్లలు అన్న మమకారమే ఆ ఇంటిని వల్లకాడు చేసింది.

పురాణం వద్దంటారా? 2018 సెప్టెంబరులో నల్లగొండ జిల్లా మిర్యాలగూడలో జరిగినది తెలుగువారెవరూ మరచిపోయి వుండరు. గర్భవతి అయిన భార్యను ఆసుపత్రిలో చూపించి బయటికి తీసుకువస్తున్న 24 సంవత్సరాల యువకుణ్ణి పట్టపగలు వెనకనుంచి నరికేశారు. డబ్బిచ్చి నరికించినవాడు ఆ అమ్మాయి కన్నతండ్రి. అల్లుడిది వేరే కులం, అదే నేరం. ఆ తండ్రి 2020లో ఆత్మహత్య చేసుకున్నాడు. 2025 మార్చిలో నల్లగొండ కోర్టు ఒకరికి మరణశిక్ష, ఆరుగురికి యావజ్జీవం వేసింది. అతను తన బిడ్డను ద్వేషించాడని ఎవరు అనగలరు? ముద్దుగానే పెంచి వుంటాడు. బిడ్డ పటంలోనుంచి లేచి నడిచేసరికి ఓర్చుకోలేకపోయాడు. జెర్రీ బ్లేక్‌కు సియాటిల్ వూరవతల ఇల్లు కావాలి, మనవాడికి కులం కావాలి. చట్రం తేడా అంతే.

తిరిగి చిత్రానికి వద్దాము. లోపాలు లేకపోలేదు. హతురాలైన మొదటి భార్యకు ఒక తమ్ముడు వున్నాడు. హంతకుణ్ణి వెదుక్కుంటూ చిత్రమంతా తిరుగుతాడు. అతని తిరుగుడు చూసీ చూసీ విసుగు పుడుతుంది. తీరా తుపాకి జేబులో వేసుకుని సరైన ఇంటికి చేరి, అది జేబులోనుంచి పైకి తీసేలోపలే కత్తిపోటుకు పడిపోతాడు. మన చిత్రాల్లో అయితే ఈ తమ్ముడే హీరో, పది నిమిషాలు ఫైటింగు వుండేది. ఇక్కడ అతని చావు చూసిన తరువాత నాకు అర్థమయింది, కావాలనే చేశారని. బయటినుంచి ఎవరో వచ్చి రక్షించడం అనే ఆశ ప్రేక్షకుడికి అంటగట్టి, లాగేశారు. తల్లీ కూతుళ్ళు దెబ్బలతో, నెత్తురుతో, తమను తామే కాపాడుకోవలసి వచ్చింది. తల్లి తుపాకి పేలుస్తుంది, కూతురు కత్తి దింపుతుంది. అతను చివరిసారిగా ఆ పిల్లతో ప్రేమిస్తున్నానని చెప్పి మెట్లమీద కూలిపోతాడు. అది అబద్ధమని చిత్రం ఎక్కడా అనదు.

1989లో రెండో భాగం, 1992లో మూడోది తీశారు. కూలిపోయినవాణ్ణి డబ్బుకోసం మళ్ళీ లేపడం. చూడకపోయినా నష్టం లేదు. 2009లో మొదటిదాన్నే తిరిగి తీస్తూ ఆడపిల్ల బదులు మగపిల్లవాణ్ణి పెట్టారు. కండలు పెంచిన కుర్రవాడు భయపడుతుంటే మనకేం భయం? పాతదే చూడండి. మొదటి ఘట్టమూ, చివరి పావుగంటా నెత్తురుమయం కనుక చిన్నపిల్లల్ని దగ్గర పెట్టుకోకండి. పదహారేళ్ళ అమ్మాయి ఇంట్లో వుంటే ఆమెతో కలిసి చూడవచ్చు.

అంతా అయిన తరువాత స్టెఫనీ రంపం తీసుకుని పెరట్లోకి వెళుతుంది. జెర్రీ నిలబెట్టిన ఆ పిట్టల ఇల్లు స్తంభంమీద ఇంకా అలాగే ముచ్చటగా వుంది. స్తంభాన్ని మొదలంటా కోసేస్తుంది.